రసాయన శాస్త్రాన్ని బట్టీ పడుతున్న అమ్మాయికి ఏ పుస్తకాలు ఇవ్వాలి?

ప్రశ్న: మాది ముమ్మిడివరం దగ్గర పల్లె. మా వారు రెండెకరాల రొయ్యల చెరువు లీజుకు తీసుకుని చేస్తున్నారు, కొద్దిగా వరి చేను కూడా ఉంది. మా అమ్మాయి పదో తరగతి దాకా తెలుగు మాధ్యమంలో చదివి, ఈ ఏడు ఇంటర్‌లో బైపీసీ తీసుకుంది. కెమిస్ట్రీ అంటే మాత్రం ఏడుపు ముఖం పెడుతుంది. సమీకరణాలన్నీ బట్టీ పడుతుంది, పరీక్ష అయిపోగానే ఒక్కటీ గుర్తుండదు. "సోడియంలో పదకొండు ఎలక్ట్రాన్లు ఉన్నాయని ఎవరు లెక్కపెట్టారు?" అని క్లాసులో అడిగితే, "పుస్తకంలో ఉన్నది రాయి, చాలు" అన్నారట. గైడ్లు కాకుండా, ఆసక్తి పుట్టించే పుస్తకాలు ఏవైనా చెబుతారా? ఇంగ్లీషు నెమ్మదిగా చదువుకోగలదు. ఇవన్నీ చదువుతూ కూర్చుంటే మార్కులు తగ్గుతాయేమోనని మా వారి భయం. ఇంట్లో చిన్న చిన్న ప్రయోగాలు చేస్తానంటోంది, చేయనివ్వవచ్చా?
— ఒక తల్లి, కోనసీమ

సమాధానం:

అమ్మా,

ముందు మీ అమ్మాయి ప్రశ్నకు జవాబు చెప్పనివ్వండి, ఎందుకంటే అది చాలా మంచి ప్రశ్న, దానికి స్పష్టమైన జవాబు కూడా ఉంది. 1913లో ఇంగ్లండులో హెన్రీ మోస్లీ అనే యువ శాస్త్రవేత్త ఒక్కొక్క మూలకాన్నీ ఎలక్ట్రాన్ల తాకిడికి గురిచేసి, దాని నుంచి వెలువడే ఎక్స్ కిరణాల పౌనఃపున్యాన్ని, అంటే సెకనుకు ఎన్ని కంపనాలో, కొలవడం మొదలుపెట్టారు. ఒక మూలకం నుంచి దాని పక్క మూలకానికి వెళ్లినప్పుడల్లా ఆ పౌనఃపున్యపు వర్గమూలం ఒకే కొలతలో పెరుగుతూ పోవడం ఆయన గమనించారు. కేంద్రకంలో ధనావేశం ఒక్కొక్కటిగా పెరగడమే అందుకు కారణమని తేల్చి, అల్యూమినియం నుంచి బంగారం దాకా మూలకాలను ఆ లెక్కన వరుసలో నిలబెట్టారు. అల్యూమినియానికి పదమూడు అయితే, ఆవర్తన పట్టికలో దానికి రెండు స్థానాల ముందున్న సోడియానికి పదకొండు. పరమాణువుకు మొత్తం మీద ఆవేశం ఉండదు గనుక ఎలక్ట్రాన్లు కూడా పదకొండే ఉండాలి. ఆ లెక్క తేల్చిన మోస్లీ మొదటి ప్రపంచ యుద్ధంలో, 1915లో, గల్లిపోలి దగ్గర 27 ఏళ్ల వయసులో చనిపోయారు.

రసాయన శాస్త్రం మీద సామాన్యుల కోసం రాసిన పుస్తకాలు చాలా ఉన్నాయి. వాటిలో ఏది మంచిదో ఎంచడానికి నేను చూసేది ఒక్కటే: ఫలానా సంగతి మనుషులకు ఎలా తెలిసిందో ఆ పుస్తకం చెబుతోందా లేదా అన్నది. "మీకు తెలుసా?" అంటూ వింతలు ఏకరువు పెట్టే పుస్తకాలు ఒక పూట సరదాగానే ఉంటాయి గాని, మీ అమ్మాయి ఇప్పటికే బట్టీ పడుతున్న వాటికి మరికొన్ని సంగతులు చేర్చడం తప్ప వాటి వల్ల ఒరిగేదేమీ లేదు. ఆమెకు కావలసింది ఒక వస్తువును చేతిలోకి తీసుకుని, దాన్ని ప్రశ్నిస్తూ, జవాబు రాబట్టే పద్ధతి నేర్పే పుస్తకం.

అలాంటి వాటిలో మొదటిది మైకేల్ ఫారడే 'ది కెమికల్ హిస్టరీ ఆఫ్ ఎ క్యాండిల్'. లండన్‌లోని రాయల్ ఇన్‌స్టిట్యూషన్‌లో 1860 క్రిస్మస్ సెలవుల్లో పిల్లల కోసం ఆయన ఇచ్చిన ఆరు ఉపన్యాసాలు మరుసటి ఏడాది పుస్తకంగా వచ్చాయి. మొత్తం పుస్తకానికి వస్తువు ఒక్క కొవ్వొత్తి. ఫారడే కమ్మరి కొడుకు. పద్నాలుగో ఏట పుస్తకాలకు అట్టలు కట్టే దుకాణంలో పనికి కుదిరి, బైండింగుకు వచ్చిన పుస్తకాలు చదువుకుంటూ పెరిగిన మనిషి. ఆయన్ని రసాయన శాస్త్రం వైపు తిప్పిన పుస్తకం జేన్ మార్సెట్ అనే ఆవిడ 1806లో ప్రచురించిన 'కాన్వర్సేషన్స్ ఆన్ కెమిస్ట్రీ'. ఒక గురువమ్మ ఇద్దరు అమ్మాయిలతో మాట్లాడుతూ పాఠం చెప్పినట్టుగా, ముఖ్యంగా స్త్రీల కోసం రాసిన పుస్తకమది. సామాన్యుల కోసం రాసిన ఒక రసాయన శాస్త్ర గ్రంథం ఒక బైండింగు కుర్రవాణ్ణి ఎంత దూరం తీసుకెళ్లిందో మీ వారికి కూడా చెప్పండి.

ఫారడే పుస్తకానికి కాపీహక్కుల గడువు ఎప్పుడో తీరిపోయింది, ఇంటర్నెట్‌లో ఉచితంగా దొరుకుతుంది. ఇంగ్లీషు పాతకాలం నాటిది, వాక్యాలు పొడుగు. అందుకని వారానికి ఒక్క ఉపన్యాసం కూడా పూర్తి చేయనక్కర్లేదు. రెండు మూడు పేజీలు చదివి, అందులో చెప్పిన పని చేసి చూసి, ఆ తర్వాత ముందుకు వెళ్లమనండి. మీ ఇంట్లో కొబ్బరి నూనె దీపం ఉంటే కొవ్వొత్తితో పాటు దాన్ని కూడా వెలిగించుకోవచ్చు.

చేయవలసినవి ఏమిటో కొన్ని చెబుతాను. కొవ్వొత్తిని ఉఫ్‌మని ఊదగానే వత్తి నుంచి తెల్లని పొగ లేస్తుంది. వత్తిని తాకకుండా, ఆ పొగ దారిలో రెండు మూడు అంగుళాల ఎడంలో వెలుగుతున్న అగ్గిపుల్ల పెడితే మంట పొగ వెంట కిందికి దిగి వత్తిని అంటుకుంటుంది. కాలుతున్నది వత్తీ కాదు, గడ్డగా ఉన్న మైనమూ కాదు, మైనం ఆవిరి అని ఈ ఒక్క చర్యతో తెలిసిపోతుంది. తర్వాత స్టీలు గరిటెను మంటలోని పసుపు భాగంలో క్షణంసేపు ఉంచితే మసి పడుతుంది. మన అమ్మమ్మలు ఆముదపు దీపం మీద రాగి పళ్లెం బోర్లించి కాటుక పట్టినది ఇదే పద్ధతి. దీపానికి ఆ పసుపు వెలుగు ఇస్తున్నది కూడా మంటలో వేడెక్కి జ్వలించే ఆ కార్బన్ రేణువులేనని ఫారడే వివరిస్తారు. గ్యాస్ పొయ్యిలో గాలి ముందే బాగా కలిసిపోతుంది కాబట్టి మంట నీలంగా ఉంటుంది, గిన్నెకు మసి అంటదు. పొయ్యి మంట ఎప్పుడైనా పసుపు రంగుకు తిరిగి గిన్నె అడుగు నల్లబడితే, ఎందుకని ఆమెనే అడగండి.

మూడో ఉపన్యాసం దగ్గర ఒక జాగ్రత్త కావాలి. మంట నుంచి నీరు పుడుతుందని చూపడానికి ఫారడే మంచు, ఉప్పు కలిపిన పాత్రను కొవ్వొత్తి పైన పట్టుకున్నారు. లండన్ చలికాలపు గాలిలో అది చెల్లింది. కోనసీమ గాలిలో తేమ ఎంత ఉంటుందో మీకు తెలుసు. ఐసు నీళ్ల గ్లాసు మంట లేకపోయినా చెమర్చుతుంది. అందుచేత ఒకేలాంటి రెండు స్టీలు గ్లాసులు తీసుకుని, రెంటిలోనూ కుండలోని నీళ్లు పోసి, ఒకదాన్ని మంటకు పైన కాసేపు పట్టుకోవాలి, రెండోదాన్ని దూరంగా ఉంచాలి. మంట మీది గ్లాసుకే తేమ పడితే అది మంట నుంచి వచ్చిందని చెప్పే హక్కు ఆమెకు ఉంటుంది. రెండూ చెమర్చితే నీళ్లు మరీ చల్లగా ఉన్నాయన్న మాట, మళ్లీ చేయాలి. ఈ రెండో గ్లాసు ఎందుకు అవసరమో అర్థమైన పిల్లకు శాస్త్రం సగం వచ్చినట్టే. చివరి ఉపన్యాసానికి తాంబూలపు సున్నం చాలు. కొంచెం సున్నాన్ని నీళ్లలో కలిపి, రాత్రంతా కదపకుండా ఉంచి, పైన తేరిన తేటను గాజు గ్లాసులోకి వంచి, స్ట్రాతో మెల్లగా ఊదితే తేట పాలలా తెల్లబడుతుంది. అలా తెల్లబరిచింది మన ఊపిరిలోని కార్బన్ డయాక్సైడ్. దీపం కాలినప్పుడు వచ్చే వాయువూ అదే. స్ట్రాతో ఊదాలే గాని పీల్చకూడదు, సున్నం కళ్లలో పడకుండా చూసుకోవాలి.

ఇంగ్లీషుతో అలసిపోయిన రోజున చేతికి అందేలా రెండు తెలుగు పుస్తకాలు దగ్గర ఉంచండి. ఒకటి వేమూరి వేంకటేశ్వరరావు గారి 'రసగంధాయ రసాయనం'. అమెరికాలో కంప్యూటర్ శాస్త్రం బోధించిన ఆయన, తెలుగులో విజ్ఞానం రాయడానికి మాటలు లేవన్న వాదాన్ని ఒప్పుకోకుండా, అవసరమైన చోట పదాలు తయారు చేసుకుంటూ దశాబ్దాల పాటు రాశారు. రెండోది మీ కోనసీమదే: ముంగండ మహీధర వారి కుటుంబానికి చెందిన నళినీమోహన్ గారి 'నిప్పు కథ'. ఫారడే కొవ్వొత్తి పక్కన పెట్టి చదవడానికి ఇంతకన్నా తగినది లేదు. కొత్త ప్రతులు దొరకకపోతే మీ శాఖా గ్రంథాలయంలో గాని, రాజమహేంద్రవరం గౌతమీ గ్రంథాలయంలో గాని విచారించండి.

తర్వాత ఆలివర్ సాక్స్ 2001లో రాసిన 'అంకుల్ టంగ్‌స్టన్'. నరాల వైద్యుడిగా పేరు పొందిన సాక్స్ తన చిన్నతనాన్ని, యుద్ధకాలపు లండన్‌లో రసాయన శాస్త్రం మీద కలిగిన మోహాన్ని ఇందులో చెప్పుకున్నారు. ఆయన మేనమామకు బల్బుల ఫ్యాక్టరీ ఉండేది, వాటి తీగ టంగ్‌స్టన్‌తో చేసేవారు. మేనమామ ఆ లోహాన్ని చేతిలో పెట్టి బరువు చూడమనడంతో ఆ పిల్లవాడి చదువు మొదలవుతుంది. ఒక మ్యూజియంలో అసలు మూలకాల నమూనాలతో అమర్చిన పెద్ద ఆవర్తన పట్టికను చూసి పరవశించిపోయిన ఘట్టం చదివితే, గోడకు వేలాడే పట్టికను మీ అమ్మాయి మరోలా చూస్తుందని నా నమ్మకం. ఆమె ఈడు పిల్లలకు నేను ఎక్కువగా ఇచ్చే పుస్తకం ఇదే.

శామ్ కీన్ 'ది డిసప్పియరింగ్ స్పూన్' ఇంకా వేగంగా సాగుతుంది, మోస్లీ కథ కూడా అందులో ఉంది. శాస్త్రం కన్నా శాస్త్రవేత్తల కబుర్ల పాలు ఎక్కువ కాబట్టి దాన్ని మొదటి పుస్తకంగా ఇవ్వను. అయినా ఆ పేరు వెనుక ఉన్న గాలియం కథ తెలుసుకోదగ్గది. 1871లో రష్యా రసాయన శాస్త్రవేత్త మెండలీవ్ తన ఆవర్తన పట్టికలోని ఒక ఖాళీని చూపించి, అక్కడికి రావలసిన లోహం సాంద్రత సుమారు 5.9 ఉంటుందని ముందే చెప్పారు. 1875లో ఫ్రాన్స్‌లో లెకాక్ ద బ్వాబోద్రాన్ గాలియాన్ని కనుగొని సాంద్రత 4.7 అని ప్రకటించారు. మెండలీవ్ ఆ లోహాన్ని కంటితో చూడకుండానే, నమూనా శుద్ధి చేసి మళ్లీ కొలవమని రాశారు. కొలిస్తే 5.9 వచ్చింది. ఈ లోహం 29.8 డిగ్రీలకే కరుగుతుంది. దానితో చేసిన చెంచా వేడి టీలో కరిగిపోవడమే ఆ పేరులోని తమాషా. మే నెలలో మీ ఊళ్లో అయితే టీ కూడా అక్కర్లేదు.

ఇక మీ వారు కూడా చదివించి వినదగ్గ పుస్తకం థామస్ హేగర్ 'ది ఆల్కెమీ ఆఫ్ ఎయిర్'. అది 2008లో వచ్చింది. గాలిలోని నైట్రోజన్‌ను ఎరువుగా మార్చడం ఎలా సాధ్యమైందో, ఫ్రిట్జ్ హాబర్, కార్ల్ బాష్ అనే ఇద్దరి జీవితాల ద్వారా చెబుతుంది. 1909లో హాబర్ ప్రయోగశాలలో అమోనియా చుక్కలు చుక్కలుగా వచ్చింది. 1913లో బాష్ దాన్ని ఫ్యాక్టరీ స్థాయికి తెచ్చారు. అదే హాబర్ 1915లో యుద్ధరంగంలో క్లోరిన్ విషవాయువు ప్రయోగాన్ని దగ్గరుండి నడిపించారు, 1918కి గాను నోబెల్ బహుమతి కూడా అందుకున్నారు. ఆ భాగం చదివినప్పుడు పిల్ల కలవరపడవచ్చు, పక్కన కూర్చుని మాట్లాడండి.

ఆ పుస్తకం చదివేటప్పుడు మీ కొట్టులో ఉన్న యూరియా బస్తాను బయటికి తీయమనండి. మీ నేల కిందనే దొరికే సహజ వాయువు నుంచి హైడ్రోజన్‌ను, గాలి నుంచి నైట్రోజన్‌ను తీసి, చర్యను వేగపరిచే ఉత్ప్రేరకంగా ఇనుమును వాడి గొప్ప పీడనంలో కలిపితే అమోనియా వస్తుంది. వాయువులోని కార్బన్ చివరకు కార్బన్ డయాక్సైడ్‌గా మారి ఆ అమోనియాతో కలిస్తే యూరియా అవుతుంది. బస్తా మీద నైట్రోజన్ 46 శాతం అని అచ్చువేసి ఉంటుంది. ఆ సంఖ్య ఎక్కడిదో ఆమెనే లెక్క కట్టమనండి: యూరియా అణుభారం 60, అందులో రెండు నైట్రోజన్ పరమాణువులు కలిసి 28. ఇరవై ఎనిమిదిని అరవైతో భాగిస్తే 46.7 శాతం వస్తుంది. అంటే 45 కిలోల బస్తాలో చేనుకు అందేది ఇరవై కిలోల పైచిలుకు నైట్రోజన్. మోల్ భావన అనే పాఠం దగ్గర చాలామంది పిల్లలు బెదిరిపోతారు, అందులో ఉన్నది ఈ లెక్కే. దాళ్వాలో పైపాటు యూరియా వేసే ముందు మీ వారు చేలో నీరు ఎందుకు తీసేస్తారో కూడా అడిగి తెలుసుకోవాలి. నిలవ నీటిలో యూరియా విడిపోయి అమోనియాగా గాలిలో కలిసిపోతుంది, డబ్బు పెట్టి కొన్న నైట్రోజన్ గాలికే తిరిగి వెళుతుంది.

మీ ఇంట్లో రసాయన శాస్త్రం ఇంతకన్నా దగ్గరగా ఉన్న చోటు చెరువు. మీ వారు నీటి నమూనా సీసాను ఆక్వా ల్యాబ్‌కు తీసుకెళ్లేటప్పుడు సెలవు రోజైతే అమ్మాయిని వెంట పంపండి. పీహెచ్ (నీటి ఆమ్ల, క్షార గుణాన్ని చెప్పే సంఖ్య), అమోనియా చూడటానికి నీటిలో చుక్కలు వేసి, వచ్చిన రంగును కార్డు మీది రంగులతో పోల్చుతారు. రంగు గాఢతను బట్టి పదార్థం ఎంత ఉందో చెప్పే ఈ విద్యలో చిరస్థాయిగా నిలిచిన పేరు భీమవరంలో 1895లో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు గారిది. హార్వర్డ్ వైద్య కళాశాలలో సైరస్ ఫిస్కేతో కలిసి ఆయన 1925లో ఫాస్ఫరస్‌ను కొలిచే పద్ధతి ప్రచురించారు. ఫాస్ఫేటు మాలిబ్డేటుతో కలిసి, ఆ పైన క్షయకరణం చెందితే, అంటే ఎలక్ట్రాన్లను పుచ్చుకుంటే, నీలం రంగు వస్తుంది. నీలం ఎంత చిక్కనైతే ఫాస్ఫరస్ అంత ఎక్కువ. కండరాలు శక్తిని ఎలా వాడుకుంటాయో చెప్పే ఫాస్ఫోక్రియాటిన్, ఏటీపీ వారికి కనిపించింది ఆ దారిలోనే. బైపీసీ పుస్తకంలో ఏటీపీ అన్న మాట ఎదురైనప్పుడల్లా ఆమెకు భీమవరం గుర్తు రావాలి. తర్వాత లెడర్లీ సంస్థలో ఆయన నేతృత్వంలో వచ్చిన మందుల్లో హెట్రజాన్ ఒకటి. బోదకాలు నివారణకు మన జిల్లాల్లో ఇంటింటికీ పంచిన డీఈసీ మాత్రలు అవే.

చెరువు దగ్గరే ఒక చిన్న పరిశీలన కూడా చేయవచ్చు. ఒకే చెరువు పీహెచ్ తెల్లవారుజామున తక్కువగా, మధ్యాహ్నం ఎక్కువగా ఉంటుంది. పగలు నీటిలోని నాచు కార్బన్ డయాక్సైడ్‌ను తినేస్తుంది గనుక ఆమ్లగుణం తగ్గుతుంది. రాత్రి అన్ని ప్రాణులూ దాన్ని వదులుతాయి గనుక ఆమ్లగుణం పెరుగుతుంది. ఆమ్లగుణం పెరిగితే పీహెచ్ తగ్గుతుంది, తగ్గితే పెరుగుతుంది. పీహెచ్ పెరిగిన కొద్దీ నీటిలోని అమోనియాలో విషపూరితమైన భాగం పెరుగుతుంది. వారం పాటు రెండు పూటలా కొలిచి నోటుబుక్కులో రాస్తే, ఆమ్లాలు, క్షారాలు, సమతాస్థితి అన్న పాఠం మీ గట్టు మీదే పూర్తవుతుంది, మీ వారికీ పనికొస్తుంది.

రెండో సంవత్సరంలో కర్బన రసాయనం మొదలయ్యాక పెన్నీ లె కూటర్, జే బరెసన్ రాసిన 'నెపోలియన్స్ బటన్స్' ఇవ్వండి. లవంగం, జాజికాయ, క్వినైన్, రంగులు, పట్టు వంటి పదిహేడు రకాల అణువులు చరిత్రను ఎలా నడిపించాయో నిర్మాణ పటాలతో సహా చెబుతుంది. లవంగాల కోసం డచ్చివారు ఎంత దూరం వెళ్లారో అందులో చదివినప్పుడు, వాళ్లు పాలకొల్లులోనూ నరసాపురంలోనూ గిడ్డంగులు పెట్టి కొన్న మన బట్టలే ఆ దీవుల్లో సుగంధ ద్రవ్యాలకు మారకంగా చెల్లాయని మీరు చెప్పండి. థియొడోర్ గ్రే 'ది ఎలిమెంట్స్' ఫొటోలకు బాగుంటుంది; ఖరీదు ఎక్కువ, గ్రంథాలయంలో చూస్తే చాలు. సోవియట్ కాలపు మీర్ ప్రచురణ '107 స్టోరీస్ అబౌట్ కెమిస్ట్రీ' పాత పుస్తకాల దుకాణంలో కనిపిస్తే మాత్రం వదలకండి. చిన్న చిన్న అధ్యాయాలు, బస్సులో చదువుకోవచ్చు.

మార్కుల గురించి మీ వారి భయం సహజమే. పరీక్షకు పాఠ్యపుస్తకమే చదవాలి, దాని స్థానంలో ఇవి పనికిరావు. ఆదివారం రెండు గంటలు వీటికి కేటాయిస్తే చాలు, పరీక్షల నెలలో పక్కన పెట్టేయవచ్చు. అర్థమైన సమీకరణాన్ని బట్టీ పట్టే పని ఉండదు గనుక ఆ రెండు గంటలు వృథా కావు.

ప్రయోగాలు చేయనివ్వండి, మీరో ఆయనో పక్కన ఉన్నప్పుడే చేయాలన్న షరతుతో. మంట దగ్గర నూలు బట్టలు వేసుకుని, జడ వెనక్కి బిగించి, పక్కన బకెట్టు నీళ్లు పెట్టుకోవాలి. చెరువుకు వాడే బ్లీచింగ్ పౌడర్‌ను మరుగుదొడ్డి కడిగే యాసిడ్‌తో ఎట్టి పరిస్థితుల్లోనూ కలపకూడదు, హాబర్ యుద్ధంలో వాడించిన ఆ క్లోరిన్ వాయువే వస్తుంది. చెరువు మందుల సీసాలు, పురుగుమందులు, టపాసుల మందు ముట్టుకోకూడదు. వంటింట్లో ఉన్నవాటితోనే ఏడాదికి సరిపడా పని ఉంది.

చివరగా, ప్రిమో లెవీ 'ది పీరియాడిక్ టేబుల్'. 1975లో ఇటలీలో వచ్చిన ఈ పుస్తకంలో 21 అధ్యాయాలకూ మూలకాల పేర్లే పెట్టారు. నాజీల ఆష్విట్జ్ నిర్బంధ శిబిరం నుంచి బతికి బయటపడి, రంగుల ఫ్యాక్టరీలో రసాయన శాస్త్రవేత్తగా పనిచేసిన మనిషి జీవితం అందులో ఉంది. నేను చెప్పిన అన్నిటిలోకీ గొప్ప పుస్తకం ఇదే అయినా పదహారేళ్ల పిల్లకు ఇప్పుడే బరువు. కొని మీ దగ్గర ఉంచుకుని, ముందు మీరు చదివి, రెండో సంవత్సరం పరీక్షలు అయిన తర్వాత వచ్చే సెలవుల్లో ఇవ్వండి.